ముసలిచెయ్యి: కథలో జబ్బు గురించి ఒక ఉత్తరం

చి. అమ్మాయికి, ఆశీస్సులు.

నీ కథ రెండుసార్లు చదివాను. వంతెన గిర్డర్లను, అంటే కాంక్రీటు దూలాలను, కాలం వేగంగా నడిచే గదిలో పెట్టి, బయట ఒక్క గంట గడిచేసరికి లోపల 28 రోజుల క్యూరింగ్ (తడిపి ఉంచి గట్టిపడనివ్వడం) పూర్తిచేయించడమన్న ఊహ నాకు బాగా నచ్చింది. కాంక్రీటు బలాన్ని 28వ రోజున పరీక్షిస్తారన్న సంగతి తెలిసినవాళ్ళకే తట్టే ఊహ అది. నచ్చనిదల్లా ఆ గదిలో పనిచేసిన కూలీకి నువ్వు తెప్పించిన జబ్బు. మూడో పేజీలో దగ్గుతాడు, ఐదో పేజీలో జుట్టు నెరుస్తుంది, ఎనిమిదో పేజీలో భార్య పేరు మరిచిపోతాడు, చివర పోతాడు. కథకు ఎక్కడ ఏది కావలసివస్తే అక్కడ ఆ లక్షణం పుట్టుకొచ్చింది. (నా మొదటి కథలో కూడా ఇలాంటి జ్వరమే ఒకటి ఉండేది. "ఈ జ్వరం ఎంత డిగ్రీలు?" అని ఒక సంపాదకుడు అడిగితే నా దగ్గర జవాబు లేకపోయింది.)

ముందు లెక్క వేసి చూడు. 28 రోజులంటే 672 గంటలు కాబట్టి, లోపలి కాలం బయటికంటే 672 రెట్లు వేగంగా నడుస్తుంది. నీ మనిషి పది నిమిషాలు లోపలికి వెళ్ళి వచ్చాడని రాశావు. ఆ పది నిమిషాలు బయటి గడియారంలోవైతే, అతను లోపల నాలుగున్నర రోజులకు పైగా గడిపాడన్నమాట. ఏం తిన్నాడు, ఎక్కడ పడుకున్నాడు? లోపలి గడియారంలోవైతే బయట ఒక సెకను కూడా నిండదు, మేస్త్రీకి అతను వెళ్ళిన సంగతే తెలియదు.

నేనైతే అతన్ని అసలు లోపలికి పంపను. గోడకున్న కంతలోంచి కుడిచెయ్యి మాత్రం పెట్టి, గిర్డరు తడి ఆరిందో లేదో తడిమి చూడమంటాను. అప్పుడు చెయ్యి ఒక కాలంలో, గుండె మరొక కాలంలో ఉంటాయి. బయట పది సెకన్లు గడిస్తే చేతికి 112 నిమిషాలు గడుస్తాయి, ఆ 112 నిమిషాలకూ గుండె కొట్టుకునేది పన్నెండు సార్లే, అంటే చేతికి రక్తం దాదాపు అందనట్టే. ఆపరేషన్లలో చేతికి పట్టీ బిగించి రక్తం ఆపవలసివస్తే సాధారణంగా రెండు గంటలు దాటనివ్వరు. అంటే నీ కూలీకి హద్దు పది సెకన్లని తేలింది. ఆ హద్దు లోపల తిమ్మిరి, దాటితే చచ్చుబడిన వేళ్ళు. రోజుకు అరవైసార్లు చొప్పున 300 రోజులు పనిచేస్తే, అతని కుడిచెయ్యి ఎడమచేతికన్నా దాదాపు నాలుగేళ్ళు పెద్దదవుతుంది. నువ్వు పెట్టిన 'టెంపోరల్ డీజెనరేటివ్ సిండ్రోమ్' అనే పేరు ఆసుపత్రి కాగితాల్లో ఉంటే ఉండనీ. సైట్లో దాన్ని 'ముసలిచెయ్యి' అంటారు.

పనివల్ల వచ్చే జబ్బులకు మొదట పేరు పెట్టేది పనిచేసేవాళ్ళే. న్యూయార్కులో బ్రూక్లిన్ వంతెన పునాదుల కోసం 1870 తర్వాత నది అడుగున, ఒత్తిడి గాలి నింపిన పెట్టెల్లో దిగి తవ్విన కూలీలు, పైకి వచ్చాక కీళ్ళ నొప్పులతో మెలికలు తిరిగిపోయేవాళ్ళు. ఒళ్ళు వంచేసే ఆ జబ్బును వాళ్ళు 'బెండ్స్' అన్నారు. ఒత్తిడి ఒక్కసారిగా తగ్గడంతో రక్తంలో నైట్రోజన్ బుడగలు కడుతుందని 1878లో పాల్ బెర్ట్ అనే ఫ్రెంచి శాస్త్రవేత్త రాశాడు. పని నడిపించిన ఇంజనీరు వాషింగ్టన్ రోబ్లింగ్ కూడా ఆ జబ్బుతోనే మంచం పట్టి, మిగతా నిర్మాణాన్ని కిటికీలోంచి చూశాడు. ఇందులో కథకుడు గమనించవలసినది ఒకటుంది: మళ్ళీ ఆ ఒత్తిడిలోకి దిగితే నొప్పి తగ్గేది. నీ కూలీకి కూడా చెయ్యి మళ్ళీ కంతలో పెడితేనే హాయిగా ఉంటుందని రాయగలవా, ఎందుకుంటుందో చెప్పగలవా అని ఆలోచించు.

యజమాని మాటలు ఎలా ఉండాలో తెలుసుకోవాలంటే, చీకట్లో మెరిసే గడియారాల ముఖాలకు రేడియం పూసిన అమెరికా అమ్మాయిల సంగతి చదువు. కుంచె మొన సన్నబడడానికి పెదవులతో తడిపేవాళ్ళు. ప్రమాదమేమీ లేదని పైవాళ్ళు చెప్పేవారు. శరీరం రేడియాన్ని కాల్షియమనుకుని ఎముకల్లో దాచుకుంది, ఏళ్ళ తర్వాత దవడలు కుళ్ళాయి. వాళ్ళలో ఐదుగురు న్యూజెర్సీలో వేసిన దావా 1928లో రాజీతో ముగిసింది. నీ కథలో యజమాని చివరి పేజీలో విలన్‌లా నవ్వుతాడు. ఆ నవ్వు తీసేసి, మొదటి పేజీలోనే అతని చేత "ఏం కాదు, పెట్టు" అనిపించు.

బ్రహ్మలోకానికి వెళ్ళి వచ్చిన రైవతుడి కథను నువ్వు ప్రస్తావించావు. ఈలోగా భూమ్మీద ఇరవై ఏడు మహాయుగాలు గడిచినా ఆ రాజుకు ఒళ్ళు నొప్పి కూడా రాలేదు, ఎందుకంటే ఆ కథకు కావలసింది అతని కూతురు రేవతి పెళ్ళి. నీ కథకు అది అడ్డమే, తీసెయ్యి.

మతిమరుపు మాత్రం ఉంచాలని నువ్వు పట్టుబడితే, కాలం విషయంలో మనసు ఎలా మోసపోతుందో చూసి రాయి. 1962లో మిషెల్ సిఫ్ర్ అనే ఫ్రెంచి యువకుడు ఆల్ప్స్ పర్వతాల్లోని ఒక గుహలో గడియారం లేకుండా రెండు నెలలు గడిపి సెప్టెంబరు 14న బయటికి వస్తే, అతని లెక్కకు అది ఆగస్టు 20. సెకనుకొక అంకె చొప్పున 120 దాకా లెక్కపెట్టమంటే అతనికి ఐదు నిమిషాలు పట్టింది. ఆ లెక్కన పది అంకెలకు ఇరవై ఐదు సెకన్లు, అంటే కంతలో ఉన్న చేతికి నాలుగు గంటల నలభై నిమిషాలు. నీ షెడ్డుకు కిటికీలు లేవని, పని రాత్రిపూట కూడా నడుస్తుందని నువ్వే రాశావు. తిరగరాసిన ప్రతి పంపేలోగా, ఆ కంత పక్కన మేస్త్రీ పది లెక్కపెట్టేది గడియారం చూసా, నోటితోనా అన్నది తేల్చుకో.