నీ స్క్రిప్టు చదివాను తమ్ముడూ

పదేళ్లు ఆపరేటివ్ కెమెరామన్‌గా చేసి, ఇప్పుడు సినిమా ఎలా తీస్తారో చూపించే డాక్యుమెంటరీకి డైరెక్షన్ అంటున్నావు, సంతోషం. కానీ ఆ పదేళ్లు స్క్రిప్టులో నాకెక్కడా కనిపించలేదురా. డైరెక్టరు ఇంటర్వ్యూ, హీరో ఇంటర్వ్యూ, మధ్యలో డ్రోన్ షాట్లు. ప్రీరిలీజ్ ఫంక్షన్‌లో వాళ్లు ఎలాగూ చెప్పే ముచ్చట్లకి మళ్లీ నువ్వెందుకు?

అల్యూమినియం ఫ్యాక్టరీలో నైట్ షూటింగ్ సంగతి మొన్న ఫోన్లో చెప్పావే, అది ఏది? ఫోకస్ పుల్లర్, అదే కెమెరా ఫోకస్ సరిచేసే కుర్రాడు, కెమెరా మీది గుర్తు నుంచి హీరో కంటి దాకా టేపు లాగి కొలుచుకున్నాడు, తీరా టేక్‌లో హీరోగారు ఎక్కడ నిలబడాలో గుర్తుగా నేల మీద అతికించిన రంగు టేపు దాటి అరడుగు ముందుకొచ్చి నిలబడ్డారు, కన్ను మసక, చెవి స్పష్టం. తప్పెవరిదో అందరికీ తెలిసినా 'సారీ సార్, వన్ మోర్' అన్నది మాత్రం ఆ కుర్రాడే. నీ సినిమా అక్కడుంది.

లెస్ బ్లాంక్ అని ఒక అమెరికన్, కెమెరా తనే పట్టేవాడు. జర్మన్ డైరెక్టరు హెర్జోగ్ 'ఫిట్జ్‌కరాల్డో' సినిమా తీస్తుంటే పెరూ అడవుల్లోకి వెళ్లి, ఆ షూటింగ్ మీదే 1982లో 'బర్డెన్ ఆఫ్ డ్రీమ్స్' అనే డాక్యుమెంటరీ ఇచ్చాడు. అక్కడ కథకేం కొదవ? వందల టన్నుల ఓడని కొండెక్కించాలి, హీరో జేసన్ రోబార్డ్స్ జబ్బుపడి మధ్యలో వెళ్లిపోతే క్లాస్ కిన్‌స్కీతో మళ్లీ మొదట్నుంచి తీయాలి. అంత గొడవలోనూ బ్లాంక్ కెమెరా, అక్కడి ఆడవాళ్లు కర్రపెండలం నమిలి ఉమ్మి కల్లు లాంటిది తయారుచేసుకోవడం దగ్గర కూడా ఆగింది. అన్నట్టు, సౌండ్ పట్టిన మౌరీన్ గోస్లింగే తర్వాత ఎడిటింగూ చేసింది. నువ్వూ చిన్న టీమ్‌తోనే వెళ్లు, పదిమందితో వెళితే అది ఇంకో షూటింగ్ అవుతుంది.

వాయిస్ ఓవర్ సగం కొట్టేశాను, కోపం తెచ్చుకోకు. లైటు మోస్తున్నవాణ్ణి చూపిస్తూ 'లైట్ బాయ్ లైటు మోస్తున్నాడు' అనడమెందుకు, ఆ లైటు ఎంత బరువో, అతను కృష్ణానగర్లో ఎన్నింటికి బండెక్కాడో చెప్పు. నేనూ ఒకప్పుడు ఒక మేకింగ్ సినిమాకి మాటలు రాశాను. బేటా, అదే యూనిట్ వాళ్ల రోజువారీ భత్యం, దాని గొడవ తీసేయమని నిర్మాత అడిగితే తీసేశాను, చివరికది పెళ్లి వీడియోలా తయారైంది. అయితే తిట్లు తింటున్నవాడి మొహం మాత్రం అడగకుండా వాడకు, రేపు పని పోయేది అతనికే, నీకు కాదు.

ఇంకోటి. షూటింగ్ అయిపోయి గుమ్మడికాయ కొట్టి ఫోటోలు దిగాక అందరూ కార్లెక్కేస్తారు, నువ్వూ వెళ్లిపోకు. ఆర్ట్ డిపార్ట్‌మెంట్ వాళ్లు సెట్టు విప్పుతూ మళ్లీ పనికొస్తుందని ప్లైవుడ్‌కి మేకులు ఊడబీకుతుంటారు. అది ఒక పూట తీసి, మాటలేమీ రాయకుండా నాకు పంపు.