యుద్ధవిమానాల డిజైన్‌ చేయాలంటే ఏ బ్రాంచి?

ప్రశ్న: మా అమ్మాయి ఇంటర్ సెకండియర్, ఎంపీసీ. యుద్ధవిమానాల మీద రీసెర్చ్ చేస్తా అంటోంది. హైదరాబాద్‌లో ఏదో ఒక కాలేజీలో ఏరోనాటికల్ తీసుకోమంటారా, కంప్యూటర్సే నయమా? మామునూరులో ఎయిర్‌పోర్టు వస్తదంటున్నరు, అక్కడ అవకాశాలుంటాయా?
– ఒక తండ్రి, పరకాల

జవాబు: ముందు మామునూరు సంగతి. ఎయిర్‌పోర్టులో ఉండేవి విమానాల రాకపోకలు చూసుకునే ఉద్యోగాలు. మీ అమ్మాయి అడుగుతున్నది రెక్క ఏ ఆకారంలో ఉండాలో తేల్చే పని. మన దేశపు యుద్ధవిమానం తేజస్‌ను డిజైన్ చేసిన ఏడీఏ (ఏరోనాటికల్ డెవలప్‌మెంట్ ఏజెన్సీ), నమూనాల మీదికి గాలి వదిలి పరీక్షించే విండ్ టన్నెళ్లున్న ఎన్‌ఏఎల్ (నేషనల్ ఏరోస్పేస్ లేబొరేటరీస్) రెండూ బెంగళూరులోనే ఉన్నాయి. క్షిపణుల వైపైతే హైదరాబాద్‌లోనే రక్షణ పరిశోధన సంస్థ డీఆర్‌డీఎల్ ఉంది.

ఆ పని ఎలాంటిదో తెలిస్తే బ్రాంచి ప్రశ్న సులువవుతుంది. 2001 జనవరి 4న తొలిసారి ఎగిరిన తేజస్‌కు తోక దగ్గర అడ్డరెక్కలుండవు. చురుగ్గా మలుపు తిరగాలని దాన్ని కావాలనే నిలకడ తక్కువగా తయారుచేశారు. గాలి కుదుపుకు ముక్కు కాస్త లేచిందంటే తనంతట తాను దిగదు, ఇంకా లేస్తుంది. పైలట్ ఒక్కడే అంత వేగంగా సరిదిద్దలేడు. అందుకే ఫ్లై-బై-వైర్ కంప్యూటర్ (పైలట్ ఆదేశాలను విద్యుత్ సంకేతాలుగా అందుకుని విమానాన్ని నడిపేది) క్షణక్షణం లెక్క చూసి, రెక్క వెనకంచున ఉన్న ఎలివాన్లనే పలకలను కదుపుతుంది.

ముక్కు బాగా ఎత్తి తిరిగేటప్పుడు ఇంకో విషయం జరుగుతుంది. ఏటవాలు రెక్క ముందంచు దగ్గర గాలి విడిపోయి సుడిగా చుట్టుకుంటుంది. దాంతో రెక్క పైన ఒత్తిడి తగ్గి, అదనపు లిఫ్ట్ (పైకెత్తే బలం) వస్తుంది. కోణం మరీ పెరిగితే ఆ సుడి పగిలిపోతుంది. ఒక రెక్క మీద ముందు పగిలితే విమానం ఒక్కసారిగా ఒరిగిపోవచ్చు. సుడి ఎప్పుడు పగులుతుందో ఏరోడైనమిక్స్ (గాలి ప్రవాహం గురించిన శాస్త్రం) చెప్పాలి, అప్పుడేం చేయాలో కంట్రోల్ సిస్టమ్స్ (విమానాన్ని అదుపులో ఉంచే విద్య) చెప్పాలి. రెండింటికీ పునాది లెక్కలే: డిఫరెన్షియల్ ఈక్వేషన్లు, మాట్రిక్సులు.

అందుకే నా అభిప్రాయం గట్టిగానే చెబుతున్నాను. జేఈఈ అడ్వాన్స్‌డ్‌లో మంచి ర్యాంకు వచ్చి మద్రాస్, బొంబాయి, కాన్పూర్, ఖరగ్‌పూర్ ఐఐటీల్లో ఏరోస్పేస్ దొరికితే ఇంకేం ఆలోచించకండి. దొరక్కపోతే, ల్యాబ్ లేని కాలేజీలో పేరుకు ఏరోనాటికల్ చదివే కన్నా ఎన్‌ఐటీ వరంగల్ లాంటి చోట మెకానికల్ మేలు. తర్వాత గేట్ రాసి ఎంటెక్‌లో ఏరోస్పేస్‌కు మారొచ్చు. తేజస్ ప్రోగ్రాం డైరెక్టర్‌గా పనిచేసిన కోట హరినారాయణ గారు కూడా బెనారస్‌లో మెకానికల్ చదివాకే ఏరోస్పేస్‌కు వెళ్లారు. కంప్యూటర్స్ తప్పు కాదు గానీ, అందులో ఫ్లూయిడ్ మెకానిక్స్ (గాలి, నీళ్ల ప్రవాహాల పాఠం) ఉండదు. ఆ లోటు తర్వాత పూడ్చుకోవడం చాలా కష్టం.

ఈలోపు తనను కాగితం విమానం చేసి, ముక్కుకు ఒక జెమ్ క్లిప్ పెట్టి విసరమనండి. తర్వాత అదే క్లిప్‌ను కొంచెం కొంచెం వెనక్కి జరుపుతూ, ఎక్కడ ముక్కెత్తి కూలుతుందో రాసుకోమనండి. ఎందుకలా అయిందో లెక్కతో వివరించాలని తనకు అనిపిస్తే ఈ రంగం తనకు సరిపోతుంది.

ఖర్చు విషయానికొస్తే, గేట్ స్కోరుతో ఎంటెక్‌లో చేరినవాళ్లకు, పీహెచ్‌డీలో ఫెలోషిప్ వచ్చినవాళ్లకు నెలనెలా స్టైపెండ్ వస్తుంది. మీ మీద పడే భారం ప్రధానంగా బీటెక్ వరకే. కాకపోతే పీహెచ్‌డీ అయ్యేసరికి తనకు ఇరవై ఎనిమిదేళ్లు దాటొచ్చు. మధ్యలో పెళ్లి పేరుతో చదువు ఆపకుండా, ఆ మాట ఇంట్లో పెద్దవాళ్లతో ఇప్పుడే మాట్లాడి పెట్టుకోండి.