టోవె డిట్లెవ్‌సన్‌ని ఎక్కడ మొదలుపెట్టాలి? మూడో పుస్తకంతో మాత్రం వద్దు

మీరు రెండు విషయాలు అడిగారు. డెన్మార్క్ రచయిత్రి టోవె డిట్లెవ్‌సన్ గురించి ఈ మధ్య ఇంతమంది ఎందుకు మాట్లాడుతున్నారు అన్నది ఒకటి. ఆమె జీవితమంతా విషాదమే అంటున్నారు, చదివి తట్టుకోగలమా అన్నది రెండోది. ముందు రెండోదానికి జవాబు చెబుతాను. తట్టుకోగలరు. అక్కడక్కడ నవ్వుకుంటారు కూడా. కాకపోతే ఆమె మూడు భాగాల ఆత్మకథను నాలాగా వెనక నుంచి చదవకండి.

మావారి ఉద్యోగం వల్ల మేము కోపెన్‌హాగెన్‌లో మూడేళ్ళున్నాం. కాకినాడలో లెక్చరర్‌గా చేస్తున్న నేను అది మానేసి డిపెండెంట్‌గా వెళ్ళాను. అక్కడ డేనిష్ క్లాసులో మొదటి వారమే నేర్పే ప్రశ్న "మీకు పెళ్ళయిందా?". పెళ్ళయింది అనడానికి వాళ్ళ మాట 'గిఫ్ట్'. విచిత్రం ఏమిటంటే డేనిష్‌లో విషాన్ని కూడా గిఫ్ట్ అనే అంటారు. టీచరు ఆ సంగతి చెప్పి, పెళ్ళయినవాళ్ళ ముఖాలన్నీ ఒకసారి చూసి నవ్వింది. టోవె తన ఆత్మకథ మూడో భాగానికి ఈ పేరే పెట్టిందని కూడా అప్పుడే చెప్పింది. 1971లో వచ్చిన ఆ పుస్తకం ఇంగ్లీషులోకి వెళ్ళేసరికి శ్లేష కుదరక 'డిపెండెన్సీ' అయింది. డిపెండెంట్ అని కాగితాల మీద రాయించుకున్నదాన్ని, ఆ పేరు చూశాక ఊరుకుంటానా? లైబ్రరీలో నేరుగా మూడోదే తీశాను.

సగంలో మూసేశాను.

గర్భం తీయించుకునేటప్పుడు డాక్టరు ఇచ్చిన పెథిడిన్ అనే మత్తునిచ్చే నొప్పిమందు ఇంజెక్షన్ హాయికి ఆమె అలవాటు పడుతుంది. ఆ డాక్టర్నే పెళ్ళి చేసుకుంటుంది. మందు కోసం లేని చెవినొప్పి నటించి, ఆపరేషన్ దాకా వెళ్ళి, ఆ చెవి వినికిడి పోగొట్టుకుంటుంది. నాకు జాలి కాదు, కోపం వచ్చింది. పిల్లలున్నారు, పుస్తకాలున్నాయి, పేరుంది, ఏమిటమ్మా నీకీ ఖర్మ అనుకున్నాను. ఆ కోపం మొదటి రెండు భాగాలూ చదవకపోవడం వల్ల వచ్చిందని కొన్ని నెలల తర్వాత గానీ తెలియలేదు.

మొదటి భాగం 'చైల్డ్‌హుడ్'. టోవె 1917 డిసెంబరు 14న పుట్టింది. కోపెన్‌హాగెన్‌లో కూలీజనం ఉండే వెస్టర్‌బ్రో పేటలో, హెడెబీగేడ్ వీధిలో, చిన్న వాటాలో పెరిగింది. తండ్రిది బాయిలర్లకు బొగ్గు వేసే పని, అది కూడా ఉంటే ఉన్నట్టు, పోతే పోయినట్టు. ఆయనకు పుస్తకాలంటే ప్రాణం. అయినా కూతురు కవయిత్రినవుతానంటే ఆడపిల్ల కవి కాలేదు పొమ్మన్నాడు. ఆ పిల్ల ఇంక ఎవరికీ చెప్పలేదు. నోటుబుక్కు దాచిపెట్టి రాసుకుంది. బాల్యాన్ని ఆమె శవపేటికతో పోల్చిన వాక్యం బాగా పేరున్నది: పొడవుగా, ఇరుకుగా ఉంటుందట, అందులోంచి ఎవరంతట వాళ్ళు బయటికి రాలేరట. విడిగా చదివితే భారంగా ఉంటుంది గానీ, పుస్తకంలో అది ఒక తెలివైన పిల్ల మాటలా వస్తుంది. ఏడుపు ఉండదు.

రెండోది 'యూత్'. నాకు అన్నిటికన్నా ఇష్టమైనది ఇదే. చదువు ఆగిపోయాక పనిమనిషిగా చేరిన మొదటి ఉద్యోగం ఒక్కరోజుతో సరి. తర్వాత ఆఫీసు పనులు, అద్దె గదులు. కవితలు రాసుకోవడానికి ఒక గది తీసుకుంటే, ఇంటావిడ నాజీ అభిమాని, గోడ అవతల రేడియోలో హిట్లర్ అరుపులు! ఈ అమ్మాయి టెన్షన్ మాత్రం ఒకటే, నా కవితలు అచ్చువేసే ఎడిటర్ ఎక్కడ దొరుకుతాడా అని. దొరికాడు. 'విల్డ్ వేదె', అంటే అడవి గోధుమ అనే పత్రిక నడిపే విగ్గో ఎఫ్. మొల్లర్. 1937లో ఆమె కవిత వేశాడు. తనకన్నా ముప్ఫై ఏళ్ళు పెద్దవాడైన ఆయన్నే 1940లో పెళ్ళి చేసుకుంది. అది మొదటి పెళ్ళి. తర్వాత ఇంకో మూడు.

ఇవి రెండూ అయ్యాక మూడోదాన్ని మళ్ళీ తీస్తే వేరే పుస్తకంలా అనిపించింది. పెథిడిన్ కన్నా చాలా ముందే ఆమె రాతకు బానిస. గది, మొగుడు, ఎడిటర్, ఎవరైనా సరే, రాసుకోనిస్తారా లేదా అన్నదే ఆమె లెక్క. సూది వచ్చాక మొదట దెబ్బతిన్నది ఆ రాతే. దీన్నంతా ఎవరినీ తిట్టకుండా, తనను తాను వెనకేసుకురాకుండా చెబుతుంది. మనం ఆత్మకథల్లో సంజాయిషీకి అలవాటు పడ్డవాళ్ళం కదా, అందుకే మొదట నాకు మింగుడుపడలేదేమో.

డెన్మార్క్ రచయిత్రి అనగానే ఎవరైనా కారెన్ బ్లిక్సెన్ పేరే చెబుతారు, ఆఫ్రికాలో కాఫీ తోట నడిపిన బారోనెస్. ఆవిడ గొప్పదే. కానీ మా క్లాసు టీచరుకు కంఠతా వచ్చినవి టోవె కవితలు. 1956 నుంచి చనిపోయేదాకా 'ఫ్యామిలియె జర్నలెన్' అనే వారపత్రికలో పాఠకుల ఉత్తరాలకు టోవె జవాబులు రాసింది. మా అమ్మమ్మ ఆంధ్రప్రభలో మాలతీ చందూర్ గారి 'ప్రమదావనం' పేజీలు కత్తిరించి దాచుకునేది, నాకు వెంటనే అది గుర్తొచ్చింది. తేడా ఏమిటంటే, టోవె ఊరందరి కాపురాలకూ సలహాలిస్తూ ఉండగా ఆమె నాలుగో కాపురం కూలిపోతోంది. ఆ నాలుగో భర్త విక్టర్ ఆండ్రియాసెన్, పత్రికా సంపాదకుడు. ఆ కాపురమే 1975లో 'విల్హెల్మ్స్ రూమ్' నవల అయింది. మరుసటి ఏడాది మార్చిలో ఆమె నిద్రమాత్రలు మింగి చనిపోయింది. అప్పటికి 58 ఏళ్ళు.

ఇక మీ మొదటి ప్రశ్న. అక్కడ ఆడవాళ్ళు ఆమెను ఎప్పుడూ చదువుతూనే ఉన్నారు. ఆధునికుల జోరు సాగిన రోజుల్లో విమర్శకులకు మాత్రం ఆమె ప్రాసల కవిత్వం పాతకాలపుదిగా కనిపించింది. ఆ కవితలకు ఆన్ లిన్నెట్ అనే గాయని 1977లో బాణీలు కట్టింది, అవి జనంలోకి పోయాయి. ఆత్మకథ మొదటి రెండు భాగాలను టీనా నన్నాలీ 1985లోనే ఇంగ్లీషులోకి తెచ్చింది, అప్పుడు పెద్దగా పట్టించుకోలేదు. మూడోదాన్ని మైకేల్ ఫవాలా గోల్డ్‌మన్ అనువదించాక, 2019లో మూడూ కలిసి వచ్చాయి. ఇప్పటి సందడంతా అక్కణ్ణించి మొదలైందే.

ఒకరోజు హెడెబీగేడ్ వెతుక్కుంటూ వెళ్ళాను. నేను ఊహించుకున్న చీకటి పెరడు లేదు. ఆ భవనాలను పర్యావరణ పద్ధతుల్లో బాగుచేశారు, లోపల తోటలు, పిల్లల సైకిళ్ళు. చుట్టుపక్కల కాఫీ తాగాలంటే మన భోజనం ఖర్చు. బొగ్గు కూలీ కుటుంబం ఇప్పుడు ఆ పేటలో అద్దె కట్టలేదు.

మూడూ కలిపి ఒకే పుస్తకంగా దొరుకుతుంది, నాలుగు వందల పేజీల లోపే. వరసగా చదవండి. మూడోది రాత్రి పడుకునే ముందు మొదలుపెట్టకండి, నేను రెండోసారి తెల్లవారుజాము దాకా కూర్చున్నాను. మతిస్థిమితం తప్పిన ఒక రచయిత్రి కథగా టోవె రాసిన నవల 'ఫేసెస్' మాత్రం కొన్నాళ్ళు ఆగి తీసుకోండి. దాన్ని నేనింకా పూర్తి చెయ్యలేదు.