కేసు కట్టి ఎనిమిది నెలలు, ఛార్జిషీటు లేదు: కోర్టు పోలీసుల్ని అడుగుతుందా?

బెజవాడలో మీ చీటింగ్ కేసు కట్టి ఎనిమిది నెలలైంది, స్టేషన్‌కి వెళ్తే "ఎస్ఐ గారు బందోబస్తులో ఉన్నారు, రేపు రండి" అంటున్నారు, కోర్టుకి చెప్పుకోవచ్చా అని అడిగారు. చెప్పుకోవచ్చండీ. మనం వెళ్లి కదిలిస్తే తప్ప కోర్టుకి తెలిసేది ఎఫ్ఐఆర్ వరకే.

మాది గుంటూరు. 2022లో మా నాన్నగారి దగ్గర 60 టిక్కీల (బస్తాల) మిర్చి కాటా వేయించుకుపోయిన వ్యాపారి రెండు వారాల్లో డబ్బిస్తానని ఫోను ఆపేశాడు. పోలీసులు కేసు కట్టారు, తక్‌పట్టీలు (సరుకు అమ్మిన లెక్క చీటీలు) తీసుకున్నారు. ఇక అక్కడి నుంచి ఏడాది పాటు "బ్యాంకు నుంచి స్టేట్‌మెంట్ రావాలి" అన్న ఒకటే మాట. ఈలోగా దర్యాప్తు అధికారులు ఇద్దరు మారారు.

హైకోర్టులో రిట్ వేద్దామని నేను నేలపాడు బయల్దేరబోతే మా వకీలు గారు ఆపారు. సకిరి వాసు కేసులో సుప్రీంకోర్టు 2007లోనే చెప్పింది: దర్యాప్తు సరిగా జరిగేలా చూసే అధికారం సీఆర్‌పీసీ (పాత క్రిమినల్ ప్రొసీజర్ చట్టం) సెక్షన్ 156(3) కింద మెజిస్ట్రేటుకే ఉంది, ముందు అక్కడికి వెళ్లాలి అని. పిటిషన్ వేశాం. జడ్జి గారు స్టేటస్ రిపోర్టు అడిగారు. అప్పుడు బయటపడింది, అసలు బ్యాంకుకి లెటరే రాయలేదు! నాన్నగారు కోర్టు వరండాలోనే నవ్వేశారు, నాకు మాత్రం ఒళ్లు మండింది. మూడు నెలల్లో ఛార్జిషీటు పడింది.

మీది 2024 జులై 1 తర్వాత కట్టిన కేసు కాబట్టి మీకు సీఆర్‌పీసీ బదులు వచ్చిన కొత్త చట్టం, బీఎన్ఎస్ఎస్ (భారతీయ నాగరిక్ సురక్షా సంహిత). పాత 156(3) ఇప్పుడు 175(3). దీని కింద వెళ్లాలంటే ముందు పై అధికారికి రాసినట్టు చూపించి అఫిడవిట్ జతచేయాలి. మాకైతే ఎస్పీ ఆఫీసు, మీ దగ్గర కమిషనరేట్. స్పీడ్ పోస్టులో పంపి రసీదు దాచుకోండి. ఇంకొకటి, సెక్షన్ 193 ప్రకారం దర్యాప్తు ఎంతవరకు వచ్చిందో ఫిర్యాదుదారుకి 90 రోజుల్లోపు పోలీసులే చెప్పాలి. మీకు చెప్పలేదంటే పిటిషన్‌లో మొదటి పేరాలోనే ఆ ముక్క రాయించండి.

అందరూ తికమకపడేది 60, 90 రోజుల లెక్క దగ్గర. అది రిమాండులో ఉన్న ముద్దాయికి బెయిల్ హక్కు వచ్చే గడువు. అది దాటితే కేసు కొట్టేస్తారని స్టేషన్ దగ్గర ఎవరో అంటే నమ్మకండి. అలాగే ఫలానావాణ్ని అరెస్టు చేయించండి అని కోర్టుని అడగొద్దు, ఆ నిర్ణయం పోలీసులదే. జరగని పని ఏదో అది మాత్రం రాయండి: ఎవరి వాంగ్మూలం తీసుకోలేదు, ఏ కాగితం తెప్పించలేదు.

మా డబ్బు ఇంకా రాలేదు లెండి. దానికి సివిల్ దావా వేరే నడుస్తోంది.