తంతి లేని గాంధారం

మైలాపూరు, చెన్నై

చిరంజీవి బంగారుతల్లికి అమ్మమ్మ ఆశీస్సులు.

నీ నవల మొదటి మూడు అధ్యాయాలు రెండుసార్లు చదివాను. కొండమీది మఠం, నాదాన్నే దైవంగా కొలిచే ఆ సన్యాసులు, దీపం లేని మెట్లు, అన్నీ కళ్లకు కట్టాయి. మూడో అధ్యాయంలో పెద్దస్వామి ఒక్క స్వరం ఎత్తగానే బండ రెండుగా చీలిందన్నావే, అక్కడ మాత్రం కాగితాలు పక్కన పెట్టేశాను. ఆ స్వరం కోసం ఆయన ఎన్నేళ్లు అవస్థ పడ్డాడో ఒక్క ముక్క కూడా రాయలేదు. నలభై ఏళ్లు పాడేవాళ్ల వెనక తంబురా పట్టుకుని కూర్చున్నదాన్ని. నా మాట విని, మఠంలో ముందు వినేవాళ్లను పుట్టించు. పాడేవాళ్లు తర్వాత వస్తారు.

కొత్తగా చేరిన కుర్రవాడికి మొదటి ఏడాది మంత్రం ఇవ్వకు, తంబురా ఇవ్వు. పంచమం, సారణి, అనుసారణి, మంద్రం అని నాలుగు తంతులు. తంతి బిగించే బిరడ తిప్పి శ్రుతికి దగ్గరగా తేవడం నెల రోజుల్లో వస్తుంది. ఆ తర్వాత తంతికి గుచ్చిన పూసను వెంట్రుకవాసి జరపడం వస్తుంది. అసలు కష్టం గుర్రం మీద, అంటే తంతులు ఆనే మెట్టు మీద ఉంది. అక్కడ తంతి కింద ఒక నూలుపోగు పెట్టి మెల్లగా అటూ ఇటూ జరుపుతూ పోతే, అప్పటిదాకా మొద్దుగా మోగిన తంతి ఒకచోట జుమ్మని విప్పారుతుంది. ఆ పోగునే జీవా అంటాం. అది నువ్వుగింజంత పక్కకు జరిగినా ప్రాణం పోతుంది. మంద్రం అలా పలుకుతున్నప్పుడు చెవి అక్కడే నిలిపితే గాంధారం, అంటే 'గ' స్వరం, వినిపిస్తుంది. తంబురాలో గాంధారానికి తంతే లేదమ్మా! ఒక తంతి నిడివి మొత్తం ఊగుతూనే, అదే క్షణంలో అయిదు భాగాలుగా కూడా ఊగుతుంది. ఆ అయిదో పాలు గాంధారమై పైకి వస్తుంది. స్వయంభూ గాంధారం అంటారు దాన్ని. నాకు అది దొరకడానికి ఏడు నెలలు పట్టింది. దొరికిన రోజు అన్నం దగ్గర కూర్చుని ముద్ద మింగలేకపోయాను, అంత సంతోషం. నీ మఠంలో దీక్షకు పరీక్ష అదే పెట్టు. ఎవరూ మీటని స్వరాన్ని విన్నవాడికే కాషాయం.

మంత్రం చేతికి వచ్చాక తప్పును పట్టే ఏర్పాటు కావాలి. మన వేదపండితులు పదాలు వరుసగా అప్పజెప్పి ఊరుకోరు. ఘనపాఠంలో ఒకటి రెండు, రెండు ఒకటి, ఒకటి రెండు మూడు, మూడు రెండు ఒకటి, మళ్లీ ఒకటి రెండు మూడు అని పదాలను ముందుకూ వెనక్కూ నేస్తారు. ఒక పదం జారితే ఆ నేతలో అక్కడే బయటపడుతుంది. శబ్దానికి శక్తి ఉందని నమ్మినవాళ్లు గనకే దాని తప్పుకు అంత భయపడ్డారు. ఇంద్రుణ్ణి చంపే కొడుకు కోసం యాగం చేసిన త్వష్ట కథ నీకు చిన్నప్పుడు చెప్పాను. 'ఇంద్రశత్రు' అనే మాటలో చివర పడవలసిన ఉదాత్తం, అంటే ఎత్తి పలికే స్వరం, మొదట పడింది. ఇంద్రుణ్ణి చంపేవాడు కావలసిన వృత్రుడు ఇంద్రుడి చేతిలో చచ్చేవాడయ్యాడు. బండ చీలడం కన్నా ఇదే నన్ను ఎక్కువ భయపెడుతుంది. నీ పెద్దస్వామి కూడా ఒక్క అక్షరం దగ్గర తప్పిపోవాలి.

మౌనానికి కూడా చోటివ్వు. సదాశివ బ్రహ్మేంద్రులు మాట మానుకున్న సన్యాసి, ఆయన కీర్తనలు ఈ ఊరి సభల్లో ఇప్పటికీ పాడుతున్నారు.

మఠంలో పొయ్యి ఎలా వెలుగుతుందో నువ్వు ఎక్కడా చెప్పలేదు. త్యాగయ్యగారు ఉంఛవృత్తితో బతికారు. వీధిలో పాడుతూ వెళితే ఇళ్లవాళ్లు బియ్యం వేసేవారు. 1847లో సిద్ధి పొందే ముందు సన్యాసం కూడా స్వీకరించారు. నీ సన్యాసులను కొండ దింపి అలా వీధుల్లో నడిపించు. ఇక్కడ కపాలీశ్వరుడి మాడవీధుల్లో ధనుర్మాసపు తెల్లవారుజామున భజన సాగే ఆనవాయితీ ఉంది, ఒకప్పుడు వాగ్గేయకారులు పాపనాశం శివన్‌గారు ముందుండి నడిపించారు. ముగ్గు వేస్తున్న చెయ్యి ఒక్క క్షణం ఆగుతుంది, మళ్లీ కదులుతుంది. ఆ ఆగిన క్షణాన్ని నీ పుస్తకంలోకి తెచ్చుకో.

ఇంకొకటి అడగాలి. మఠంలో ఒక్క ఆడమనిషి కూడా లేదు, కావాలనే అలా రాశావా? నువ్వు ఉంటున్న ఊరినే పేరులో మోసిన గాయని బెంగళూరు నాగరత్నమ్మగారు తన కష్టార్జితంతో తిరువైయారులో త్యాగయ్యగారి సమాధి దగ్గర మందిరం కట్టించారు. 1925లో ప్రతిష్ఠ జరిగింది. అక్కడి ఆరాధనలో ఆడవాళ్లను పాడనివ్వకపోతే, ఆడవాళ్లను కూడగట్టి వేరుగా ఆరాధన జరిపించారు. నీ మఠం గుమ్మంలో అలాంటి మనిషిని ఒకరిని నిలబెట్టు. లోపలివాళ్లు తలుపు తీస్తారో లేదో రాయడానికే నీకు సగం నవల పడుతుంది.

మూడో అధ్యాయం తిరగరాసే ముందు డిసెంబరు సెలవుల్లో ఇక్కడికి రా. ఫోనులో మోగే తంబురాతో పని జరగదు. నా తంబురాకు కొత్త తంతులు వేయించి ఉంచాను. తెల్లవారుజామున నాలుగున్నరకు లేపుతాను, ముందు పోగు సరిచేయడం నేర్చుకుందువు గాని. గాంధారం వినిపించిందా అని నేను అడగను. వినిపించిన రోజు నువ్వే వంటింట్లోకి వచ్చి చెప్పు.

ఇట్లు,
మీ అమ్మమ్మ