పాత పీఎస్‌పీలో (సోనీ చేతి గేమ్ పరికరం) సినిమా పెడితే ‘అన్‌సపోర్టెడ్ డేటా’ అని వస్తోంది, ఏం చేయాలి?

ఫైల్ పేరు చివర ఎంపీ4 అని ఉన్నంత మాత్రాన సరిపోదు. ఇప్పటి సినిమా ఫైళ్లు ఎక్కువగా 1080పీ సైజులో, హై ప్రొఫైల్ లేదా హెచ్.265 అనే వీడియో కుదింపు పద్ధతుల్లో ఉంటాయి. పీఎస్‌పీ వీటిని తీసుకోదు. కంప్యూటర్‌లో హ్యాండ్‌బ్రేక్ లాంటి సాఫ్ట్‌వేర్‌తో మార్చుకోవాల్సిందే.

పెట్టాల్సినవి: హెచ్.264, మెయిన్ ప్రొఫైల్, లెవెల్ 3.0, సైజు 480×272, బిట్‌రేట్ 768 కేబీపీఎస్. ఆడియో ఏఏసీ స్టీరియో, 128 కేబీపీఎస్. అన్నీ సరిగ్గా పెట్టినా ఆడకపోతే బీ-పిరమిడ్ (హెచ్.264 కుదింపులో ఒక ఆప్షన్) ఆన్‌లో ఉందేమో చూసి ఆపేయండి; చాలామంది చిక్కుకునేది అక్కడే. స్క్రీన్ ఉన్నదే 480×272 కాబట్టి అంతకన్నా పెద్ద సైజు పెట్టడం దండగ.

ఈ లెక్కన రెండున్నర గంటల సినిమా దాదాపు 1 జీబీ అవుతుంది. సబ్‌టైటిల్స్ కావాలంటే మార్చేటప్పుడే బొమ్మ మీదకి ఎక్కించేయాలి, విడి ఫైల్‌ను అది చదవదు.

తర్వాత పీఎస్‌పీ సెట్టింగ్స్‌లో యూఎస్‌బీ కనెక్షన్ ఆన్ చేసి, మెమరీ స్టిక్‌లో వీడియో ఫోల్డర్‌లో కాపీ చేయండి. ఆ ఫోల్డర్ పేరు ఇంగ్లిష్ పెద్దక్షరాల్లో, మరే ఫోల్డర్ లోపలా కాకుండా బయటే ఉండాలి. ఫర్మ్‌వేర్ (పీఎస్‌పీలోని సిస్టమ్ సాఫ్ట్‌వేర్) మరీ పాతదైతే ముందు అప్‌డేట్ చేసుకోండి.