మావగారి వెలుగు, అత్తగారి కళ్ళు – పెద్దమ్మ జవాబులు

పెద్దమ్మ గారూ నమస్తే. మాది పర్లాకిమిడి. మా మావగారు రిటైర్డు మాస్టారు, నాలుగేళ్ళ నుంచి సొంతంగా ఒక సిద్ధాంతం రాసుకుంటున్నారు, మూడు నోటుబుక్కులు నిండిపోయాయి. అందులో ఏటుందంటే లోకంలో ఎరుక ఒక్కటేనట, అది వెలుగేనట, మనుషులందరం ఆ వెలుగు బయటికొచ్చే కన్నాలమట. రోజూ సాయంత్రం డాబా మీద మధ్యలో ప్రమిద పెట్టి పదిమంది కూచుని రెప్పెయ్యకుండా చూసి అప్పుడు కళ్ళు మూసుకుంటారు, తెలుగోళ్ళకీ ఒడియావోళ్ళకీ అందరికీ ఒకేలాంటి వెలుగు కనిపిస్తోందట, అదే రుజువు అంటారు. నాకేం పేచీ లేదు, టీలు పెట్టడమే నా పని. కానీ ఈమధ్య మా అత్తయ్యకి రాత్రిళ్ళు వీధి లైటు చుట్టూ రంగురంగుల రింగులు కనిపిస్తన్నాయి, ఒక పక్క నుదురు నొప్పి కూడా అంటన్నారు. మావగారేమో నీకు అందరికన్నా ముందే అందేసింది అని సంబరపడిపోతున్నారు. కోడల్ని, నేనేం మాట్లాడతాను?
– ఒక కోడలు

అమ్మాయ్, ముందు ఆవిణ్ణి కంటి డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళు, నా జవాబు వచ్చాక చదువుకుందువు గాని. దీపం చుట్టూ రంగుల రింగులు, పక్కనే తలనొప్పి అంటే నీటికాసులేమో (డాక్టర్లు గ్లకోమా అంటారు) అని చూపించుకోవాలి, కంటి లోపల ప్రెషర్ పెరిగితే నల్లగుడ్డు మీదుండే అద్దంలాంటి పొర నీరు పట్టి ఉబ్బుతుంది, దాంట్లోంచి వచ్చే వెలుగు రంగులు రంగులుగా విడిపోతుంది. శుక్లాలున్నా రింగులు కనపడొచ్చు, అదైతే ఆపరేషన్ చేస్తే చూపు తిరిగొస్తుంది, నీటికాసులతో పోయిన చూపు మాత్రం తిరిగి రాదు, నరమే పాడవుద్ది. కన్ను ఎర్రబడి వాంతులు కూడా మొదలైతే తెల్లారేదాకా ఆగొద్దు, ఆ రాత్రే బరంపురం మెడికల్ కాలేజీకి తీసుకొచ్చెయ్యండి.

ఇక మావగారి సంగతి. నేను ఆయన్ని వెటకారం చెయ్యను, నాకు ఆ మూడు నోటుబుక్కులూ చదవాలని ఉంది నిజంగా. కన్నాల కుండలో దీపం అనే పోలిక దక్షిణామూర్తి స్తోత్రంలో ఉంది, కాకపోతే అక్కడ కుండంటే ఒక మనిషి ఒళ్ళు, కన్నాలంటే కళ్ళూ చెవులూ. మీ మావగారు కుండని లోకం చేసేసి కన్నాల్ని మనుషుల్ని చేశారు, అది ఆయన సొంతం, బాగుంది కూడా. ఇలాంటి ఆలోచన మనవైపు వింతేం కాదు, ఢెంకనాల్ జిల్లా జొరందాలో మహిమ ధర్మం వాళ్ళు విగ్రహం జోలికే పోకుండా రూపం లేని అలేఖుణ్ణి కొలుస్తారు. ఆ దారిలో పాటలు కట్టిన భీమ భోయికి చూపు లేదని చెప్పుకుంటారు. మరి ఆయనకి ఏ రింగులు కనపడ్డాయని అంత రాశాడు? ఈ ముక్క మావగారితో నెమ్మదిగా అను.

అందరికీ ఒకేలాంటి వెలుగు కనిపించడం అబద్ధం కాదు, కానీ అది రుజువూ కాదు. దీపాన్ని అలా కదలకుండా చూస్తే కంటి వెనక తెరలో ఆ చోటు అలిసిపోతుంది, కళ్ళు మూసుకోగానే దాని అచ్చు కాసేపు మిగిలిపోతుంది. పదిమంది కళ్ళూ ఒకే పద్ధతిలో తయారయ్యాయి, చూసిన దీపమూ ఒక్కటే, మరి అచ్చు వేరే ఎలాగుంటాది? రేపు డాబా మీద ఒక పని చెయ్యమను, ఆలస్యంగా వచ్చి దీపం వైపు చూడకుండా కళ్ళు మూసుకున్నవాళ్ళకి ఏం కనిపించిందో అడగమను. మూసిన కళ్ళని పక్కకి తిప్పితే ఆ వెలుగు కూడా కళ్ళతో పాటే జరుగుతుంది, అది బయటిదైతే అలా జరగదు కదా.

నాకు వెలుగు పంచుకోవడం అంటే పడదని కాదమ్మా. మా వీధిలో దీపావళి రాత్రి ఒడియా ఇళ్ళవాళ్ళు జనపపుల్లలు వెలిగించి పైకెత్తి చీకట్లో రండి వెలుగులో వెళ్ళండి అని చనిపోయిన పెద్దల్ని కేకేసి పిలుస్తారు, పక్కనే మా గుమ్మంలో పిల్లలు గోగు కాడలకి ఒత్తులు కట్టి దివిటీలు కొడుతుంటారు, నిప్పు అయిపోతే వాళ్ళ దగ్గర మేం అంటించుకుంటాం మా దగ్గర వాళ్ళు అంటించుకుంటారు, ఏళ్ళ తరబడి ఇదే తంతు. దానికి ఎవరూ నోటుబుక్కు రాయలేదు మరి.

కోడల్ని ఏం మాట్లాడను అన్నావు కదా, ఇలా అను: మావగారూ, అందరిలోనూ ఉన్నది ఒకే వెలుగైతే ఆ కంటి డాక్టరులోనూ అదే ఉంటది కదండీ, ఓసారి వెళ్ళొద్దాం. ఆయన నవ్వితే ఆటో పిలువు, నవ్వకపోయినా పిలువు.

పెద్దమ్మా, రెండు కాంతి కణాలు ఎంత దూరంలో ఉన్నా ఒకదాని సంగతి రెండోదానికి తెలుస్తుందని 2022లో ఫిజిక్స్ నోబెల్ ఇచ్చారు కదా, మరి మనసులు కూడా అంతేగా?
– డిగ్రీ విద్యార్థి, రాయగడ

ఆస్పే, క్లౌజర్, జైలింగర్ ముగ్గురికీ ఇచ్చారు, ప్రయోగాలు గట్టివే. తేడా అంతా నువ్వు రాసిన తెలుస్తుంది అన్న మాట దగ్గరే ఉంది బాబూ. ఇటు కొలిచినా అటు కొలిచినా బొమ్మా బొరుసూ వేసినట్టే ఏది పడితే అది వస్తుంది, రెండు లెక్కలూ పక్కపక్కన పెడితేనే పొంతన బయటపడుద్ది, ఆ లెక్క ఒకరికొకరు చెప్పుకోవాలంటే ఫోనే చెయ్యాలి. దాంతో ఒక్క కబురు కూడా పంపలేం, ఇంక మనసులో మాట ఎక్కడ? పోనీ మనిషి ఒంట్లో వెలుగు ఉందా అంటే ఉంది, 2009లో జపాన్ వాళ్ళు ఫొటో కూడా తీశారు, మొహం మీద కొంచెం ఎక్కువట, కానీ మన కంటికి ఆనేదానికన్నా వెయ్యి రెట్లు తక్కువ. ఒంట్లో జరిగే రసాయనిక చర్యల్లోంచి పుట్టేదే అది, ఎదుటివాడి ఆలోచన మోసుకొచ్చేది కాదు.

అరసవల్లిలో సూర్యకిరణాలు సరిగ్గా స్వామి పాదాల మీదే పడతాయి, వెలుగుకి తెలివి ఉందనేగా?
– గుణుపురం నుంచి

తెలివి ఆ గుడి కట్టినవాళ్ళది. మార్చి 9, 10 ఆ ప్రాంతంలో ఒకసారి, అక్టోబరు 1, 2 ఆ ప్రాంతంలో ఇంకోసారి పడతాయి. మార్చిలో పగలూ రాత్రీ సమానమయ్యే రోజుకి ఓ పది రోజుల ముందు, సెప్టెంబరులో అలాంటి రోజే వచ్చాక ఓ పది రోజుల తర్వాత, అంటే రెండుసార్లూ సూర్యుడు ఆకాశంలో దాదాపు ఒకే చోట పొడుస్తాడు. వాకిలి ఆ లెక్కకి పెట్టారు. చూడాలంటే తెల్లారకముందే లైన్లో ఉండాలి, మబ్బు పడితే మాత్రం ఆ రోజుకి ఏమీ కనపడదు, మాకు రెండుసార్లు అలాగే అయింది.